చక్రి: మానుకోట పల్లె నుంచి సినిమా పాటకు

చక్రి (15 జూన్ 1974 – 15 డిసెంబరు 2014) తెలుగు సినిమా సంగీత దర్శకుడు, గాయకుడు. పూర్తి పేరు గిల్లా చక్రధర్. అప్పటి వరంగల్ జిల్లాలో, ఇప్పటి మహబూబాబాద్ (మానుకోట) జిల్లాలో ఉన్న కంబాలపల్లి ఆయన స్వగ్రామం. 2000లో ‘బాచి’తో సినీరంగంలో అడుగుపెట్టి, 80కి పైగా చిత్రాలకు సంగీతం సమకూర్చారు. ‘సత్యం’ (2003) చిత్రానికి ఫిల్మ్‌ఫేర్ పురస్కారం, ‘సింహా’ (2010) చిత్రానికి నంది పురస్కారం అందుకున్నారు. పూరి జగన్నాథ్, వంశీ వంటి దర్శకులతో ఆయన చేసిన చిత్రాల పాటలు 2000 తర్వాతి దశాబ్దపు తెలుగు శ్రోతల జ్ఞాపకంలో భాగమయ్యాయి. జిల్లా కేంద్రాల ఆర్కెస్ట్రా వేదికల మీద పాట నేర్చుకున్న ఒక తెలంగాణ యువకుడు వాణిజ్య సినిమాలో అగ్రశ్రేణికి చేరిన తీరుకు ఆయన జీవితం ముఖ్యమైన ఉదాహరణ.

ప్రాంతం, పాట

జనగామ, మహబూబాబాద్, జయశంకర్ భూపాలపల్లి జిల్లాలు 2016 అక్టోబరు 11న ఏర్పడ్డాయి. అంతకుముందు ఈ ప్రాంతాల్లో అధిక భాగం ఉమ్మడి వరంగల్ జిల్లాలో ఉండేది. పాటకు సంబంధించినంతవరకు ఈ నేల చరిత్ర చాలా పాతది. జనగామ జిల్లాలోని పాలకుర్తి, ‘పండితారాధ్య చరిత్ర’ రాసిన పాల్కురికి సోమనాథుడి ఊరు. తుమ్మెద పదాలు, ప్రభాత పదాలు, నివాళి పదాలు, గొబ్బి పదాలు, వెన్నెల పదాలంటూ ఆనాడు జనం పాడుకునే పాటల రకాలను ఆయన తన కావ్యంలో పేర్కొన్నాడు. తెలుగులో జానపద గేయాల చరిత్ర రాసేవారంతా ఆ ప్రస్తావన దగ్గర ఆగాల్సిందే. పాలకుర్తికి దగ్గర్లోని బమ్మెర, పోతన పేరుతో ముడిపడిన ఊరు.

కావ్యాల పక్కనే ప్రదర్శన కళలూ బతికాయి. ఒగ్గుకథకు దేశవ్యాప్త గుర్తింపు తెచ్చిన చుక్క సత్తయ్యది జనగామ జిల్లా మాణిక్యపురం. చిందు యక్షగాన కళాకారుడు గడ్డం సమ్మయ్యది అదే జిల్లాలోని అప్పిరెడ్డిపల్లె. 2024లో ఆయనకు పద్మశ్రీ ప్రకటించారు. మహబూబాబాద్ తండాల్లో లంబాడీ పాట, భూపాలపల్లి, ములుగు అడవుల్లో కోయ డోలు, ఊరూరా బతుకమ్మ, డప్పు ఈ ప్రాంతపు పిల్లల చెవుల్లో పడే మొదటి సంగీతం. జనగామ తాలూకాలో విసునూరు దేశముఖ్ పాలన మీద రైతులు తిరగబడినప్పుడు, 1946 జులై 4న కడవెండిలో దొడ్డి కొమురయ్య నేలకొరిగినప్పుడు, పోరాటంతో పాటే పాట కూడా పల్లెలు తిరిగింది. ఆ పోరాట నేపథ్యంతో గౌతమ్ ఘోష్ తీసిన ‘మా భూమి’ తెలంగాణ జనం పాటకు వెండితెర మీద గౌరవం తెచ్చింది.

అయితే ప్రజల పాట ఇంత బలంగా ఉన్న ప్రాంతం నుంచి వాణిజ్య సినిమాకు సంగీత దర్శకులు వచ్చింది తక్కువ. తెలుగు సినిమా పరిశ్రమ దశాబ్దాల పాటు మద్రాసులో ఉండటం అందుకు ఒక కారణం. వాద్యబృందాలు, రికార్డింగ్ థియేటర్లు, సంగీత సహాయకుల సంఘాలు అన్నీ అక్కడే. కొన్నాళ్లు అక్కడ మకాం పెట్టి, ఏదో ఒక బృందంలో వాయిస్తూ, పైమెట్టు కోసం ఏళ్ల తరబడి ఎదురుచూడగలిగిన వారికే అవకాశం. మానుకోట వైపు పల్లెల నుంచి అంత దూరం వెళ్లి నిలదొక్కుకోవడం సామాన్య కుటుంబాలకు సాధ్యమయ్యేది కాదు. పరిశ్రమ హైదరాబాద్‌కు వచ్చాక ఆ దూరం ఒక రాత్రి రైలు ప్రయాణం కన్నా తగ్గింది. చక్రి తరం ఆ మార్పును అందిపుచ్చుకున్న తరం.

ఆర్కెస్ట్రా నుంచి స్టూడియోకు

సినిమాలకు రాకముందు చక్రి ఆర్కెస్ట్రా నడిపారు, ప్రైవేటు ఆల్బమ్‌లు చేశారు. గీత రచయిత కందికొండతో ఆయన స్నేహం విద్యార్థి దశలోనే మొదలైంది. కందికొండ యాదగిరిది నర్సంపేట దగ్గరి నాగుర్లపల్లి. ఇద్దరూ ఒకే జిల్లా బిడ్డలు, దాదాపు ఒకే ఈడువాళ్లు. తర్వాతి కాలంలో వీరిద్దరి పేర్లూ ఎన్నో క్యాసెట్ల అట్టల మీద పక్కపక్కనే కనిపించాయి.

1980లు, 90లలో తెలుగు జిల్లాల్లో ఆర్కెస్ట్రా అంటే ఒక పాఠశాల. వినాయక చవితి పందిళ్లు, దసరా ఉత్సవాలు, పెళ్లిళ్లు, కాలేజీ వార్షికోత్సవాలు దాని తరగతి గదులు. ఒక కీబోర్డు, తబలా, ఢోలక్, రిథమ్ ప్యాడ్, ఇద్దరు ముగ్గురు గాయకులు ఉంటే చాలు, ‘మ్యూజికల్ నైట్’ మొదలయ్యేది. సినిమాలో యాభై వాద్యాలతో వినిపించిన పాటను నాలుగు వాద్యాలతో నిలబెట్టాలి. అందులో ఏ ముక్క తీసేస్తే పాట పాటలా ఉండదో, ఏది తీసేసినా జనం గమనించరో వేదిక మీదే తెలుస్తుంది. ఏ పల్లవికి ఈల పడుతుంది, ఏ చరణం దగ్గర జనం కుర్చీల్లోంచి లేస్తారు, ఏ పాటకు ఆడవాళ్లు గొంతు కలుపుతారు అన్నది కూడా అక్కడే కళ్ల ముందు కనబడుతుంది. చక్రి బాణీల్లో కనిపించే సూటిదనానికి మూలం ఈ చదువే. శ్రోతను ఎదురుగా చూస్తూ పెరిగిన సంగీతకారుడు, స్టూడియో గదిలో కూర్చున్నా ఆ శ్రోతనే మనసులో పెట్టుకుని బాణీ కడతాడు.

2000 నాటికి సాంకేతికంగా కూడా కాలం అనుకూలించింది. కంప్యూటర్ మీద ప్రోగ్రామింగ్ చేసే పద్ధతి వ్యాపించడంతో పెద్ద వాద్యబృందం లేకుండానే పాటకు పూర్తి రూపం ఇవ్వడం వీలైంది. కీబోర్డు బాగా తెలిసిన యువకుడు హైదరాబాద్‌లోని చిన్న స్టూడియోలో కూర్చుని పాట తయారు చేసి దర్శకుడికి వినిపించగలిగాడు. అవకాశం ఇవ్వడానికి నిర్మాత పెట్టాల్సిన పెట్టుబడి తగ్గింది. కొత్తవారి మీద నమ్మకం ఉంచడం తేలికైంది.

పూరి జగన్నాథ్‌తో

‘బద్రి’తో దర్శకుడైన పూరి జగన్నాథ్ తన రెండో సినిమా ‘బాచి’ (2000)కి చక్రిని సంగీత దర్శకుడిగా పరిచయం చేశారు. జగపతిబాబు కథానాయకుడిగా వచ్చిన ఆ చిత్రం ఆడలేదు. ఆ అపజయం తర్వాత కూడా దర్శకుడు సంగీత దర్శకుణ్ణి వదులుకోలేదు. మరుసటి ఏడాది వచ్చిన ‘ఇట్లు శ్రావణి సుబ్రమణ్యం’ (2001) ఇద్దరికీ నిలకడ ఇచ్చింది. రవితేజకూ అది మలుపు. అందులో కందికొండ రాసిన విరహగీతం ఆయనను గీత రచయితగా నిలబెట్టింది. నెమ్మదిగా సాగే ఆ పాట చక్రిలోని మెలొడీ కర్తను శ్రోతలకు చూపింది.

ఆ తర్వాత ‘ఇడియట్’ (2002), ‘అమ్మ నాన్న ఓ తమిళ అమ్మాయి’ (2003), ‘శివమణి’ (2003) వరుసగా విజయవంతమయ్యాయి. ‘ఇడియట్’ కథ కన్నడంలో ‘అప్పు’గా పూరి దర్శకత్వంలోనే వచ్చింది, దానికి గురుకిరణ్ సంగీతం ఇచ్చారు. తెలుగుకు వచ్చేసరికి చక్రి తన సొంత బాణీలతో పాటలు కట్టారు. పోలీసు అధికారి కూతుర్ని ప్రేమించే అల్లరి కుర్రాడి కథకు ఆయన ఇచ్చిన పాటల్లో చిలిపితనం, మొండితనం, దాని కింద దాగిన ఆర్తి మూడూ వినిపిస్తాయి. ‘ఆంధ్రావాలా’ (2004) ఆడియో వేడుక కృష్ణా జిల్లా నిమ్మకూరులో జరిగినప్పుడు జనం పోటెత్తారు. సినిమా ఆశించినంత ఆడకపోయినా, పాటల విడుదల ఒక జాతరలా జరిగే కాలానికి ఆ వేడుక గుర్తుగా మిగిలింది. ‘143’ (2004), ‘దేశముదురు’ (2007), ‘నేనింతే’ (2008), ‘గోలీమార్’ (2010) ఈ జంట చేసిన మరికొన్ని చిత్రాలు.

దర్శకుడు, సంగీత దర్శకుడు ఇలా జంటగా ఎదగడం ప్రపంచ సినిమాలో తరచూ కనిపిస్తుంది. ఇటలీలో ఫెల్లినీ చిత్రాలకు నీనో రోటా 1950ల మొదలు 1979లో తాను మరణించే దాకా సంగీతం ఇచ్చారు. సెర్జియో లియోనీ, ఎన్నియో మోరికోనే రోమ్‌లో చిన్నప్పుడు ఒకే బడిలో చదివి, పెద్దయ్యాక కౌబాయ్ చిత్రాలతో చరిత్ర సృష్టించారు. యూరప్‌లో సంగీతకర్త సాధారణంగా చిత్రీకరణ, కూర్పు అయ్యాక దృశ్యాన్ని చూస్తూ స్వరం రాస్తాడు. తెలుగులో పాట ముందు పుడుతుంది, దృశ్యం తర్వాత వస్తుంది. లియోనీ మాత్రం ‘వన్స్ అపాన్ ఎ టైమ్ ఇన్ ద వెస్ట్’కు మోరికోనే సంగీతాన్ని ముందే సిద్ధం చేయించుకుని, సెట్‌లో వినిపిస్తూ నటులను నడిపించారు. మన దర్శకులకు అలవాటైన ఆ పద్ధతి అక్కడ విశేషంగా చెప్పుకునే సంగతి అయింది. ముందే పుట్టే పాటకు దర్శకుడికీ, సంగీత దర్శకుడికీ మధ్య మాటల్లో చెప్పనవసరం లేని అవగాహన కావాలి. పూరి, చక్రి జంట బలం అక్కడే ఉంది.

వంశీతో

చక్రి ప్రయాణంలో వంశీ చిత్రాలది ప్రత్యేక అధ్యాయం. వంశీ అంటే అంతకుముందు ఇళయరాజా సంగీతం. ‘సితార’, ‘అన్వేషణ’, ‘లేడీస్ టైలర్’ పాటలు విన్న చెవులను తృప్తిపరచడం ఏ కొత్త సంగీత దర్శకుడికైనా పరీక్షే. ‘ఔను వాళ్లిద్దరూ ఇష్టపడ్డారు’ (2002)తో చక్రి ఆ పరీక్షలో నెగ్గారు. గోదావరి గాలి, వెన్నెల, కవ్వింపు నిండిన ఆ పాటలను కట్టింది మానుకోట ప్రాంతం వాడని తెలియని శ్రోతలే ఎక్కువ. ‘దొంగరాముడు అండ్ పార్టీ’ (2003), ‘కొంచెం టచ్‌లో ఉంటే చెబుతాను’ (2004), ‘గోపి గోపిక గోదావరి’ (2009), ‘సరదాగా కాసేపు’ (2010) కూడా వీరిద్దరి కలయికలో వచ్చాయి. ‘గోపి గోపిక గోదావరి’లో ఫోన్‌లో మొదలైన ప్రేమకు ఆయన కట్టిన యుగళగీతం నేటికీ సంగీత పోటీల వేదికల మీద వినిపిస్తూనే ఉంది.

ఇతర చిత్రాలు

సూర్యకిరణ్ దర్శకత్వంలో సుమంత్, జెనీలియా నటించిన ‘సత్యం’ (2003) చక్రికి ఫిల్మ్‌ఫేర్ తెచ్చింది. తండ్రితో పొసగని కొడుకు కథకు తగ్గట్టు, ఆ పాటల్లో యువతరపు ఒంటరితనం నిజాయితీగా పలికింది. కృష్ణవంశీ తీసిన ‘చక్రం’ (2005) థియేటర్లలో నిలవలేదు. అందులో సిరివెన్నెల సీతారామశాస్త్రి రాసిన తాత్విక గీతం మాత్రం సినిమాను దాటి బతికింది. సంగీత దర్శకుడు శ్రీ చేత ఆ పాట పాడించారు చక్రి. తోటి సంగీత దర్శకుడి గొంతులోని విషాదమే ఆ మాటలకు తగినదని గుర్తించడంలో ఆయన వివేకం కనబడుతుంది. పాటలో వాద్యాలు వెనక్కి తగ్గి మాటకు దారి ఇచ్చిన తీరు గమనించదగ్గది.

వై.వి.ఎస్. చౌదరి ‘దేవదాసు’ (2006)తో రామ్, ఇలియానా పరిచయమైనప్పుడు, ఆ కొత్త జంటను జనానికి దగ్గర చేసిన వాటిలో పాటలు ముందుంటాయి. రసూల్ ఎల్లోర్ దర్శకత్వంలో ‘భగీరథ’ (2005), శ్రీను వైట్ల ‘ఢీ’ (2007), వి.వి. వినాయక్ ‘కృష్ణ’ (2008) ఆయన చేసిన ఇతర ప్రముఖ చిత్రాలు. బోయపాటి శ్రీను దర్శకత్వంలో బాలకృష్ణ నటించిన ‘సింహా’ (2010) ఆయన పాటలకు పేరు తెచ్చింది. దాసరి నారాయణరావు దర్శకత్వంలో వచ్చిన చివరి చిత్రం ‘ఎర్రబస్సు’ (2014) చక్రి చివరి రోజుల్లో విడుదలైన సినిమాల్లో ఒకటి.

జై బోలో తెలంగాణ

తెలంగాణ ఉద్యమం ఉధృతంగా ఉన్న వేళ ఎన్. శంకర్ దర్శకత్వంలో ‘జై బోలో తెలంగాణ’ (2011) వచ్చింది. దానికి సంగీత దర్శకుడు చక్రి. ఈ చిత్రంలోని గీతానికి గద్దర్‌కు ఉత్తమ గాయకుడిగా నంది ప్రకటించారు. అప్పటికే ఊరేగింపుల్లో, ధూంధాం వేదికల మీద జనం నోట నలిగిన పాటను సినిమాకు తీసుకురావడం సున్నితమైన పని. వాద్యాల హోరు ఎక్కువైతే పాట ఆత్మ పోతుంది, తక్కువైతే థియేటర్‌లో పలచబడుతుంది. డప్పు, కోరస్, గాయకుడి గొంతు ముందుండేలా ఆ పాటలు రూపుదిద్దుకున్నాయి. అప్పటిదాకా ప్రేమకథలకు, మాస్ కథలకు బాణీలు కట్టిన చక్రికి, పుట్టిన నేల పాటతో సినిమాలో నేరుగా పనిచేసే సందర్భం ఇది.

పని తీరు

తెలుగు సినిమా పాట పుట్టుక ‘సిట్టింగ్’తో మొదలవుతుంది. దర్శకుడు సందర్భం చెబుతాడు. సంగీత దర్శకుడు హార్మోనియం లేదా కీబోర్డు ముందు తననాలతోనో, నోటికొచ్చిన డమ్మీ పదాలతోనో ట్యూన్ వినిపిస్తాడు. నచ్చిన ట్యూన్ గీత రచయిత చేతికి వెళుతుంది. మాటలు కుదిరాక ట్రాక్ పాడిస్తారు, ప్రోగ్రామింగ్ చేస్తారు, అవసరమైన చోట వేణువు, వయోలిన్, గిటార్, తాళ వాద్యాలు విడిగా వాయించి కలుపుతారు. చివరికి అసలు గాయకుడు పాడతాడు, ఆపై మిక్సింగ్. చిత్రీకరణ, ఎడిటింగ్ అయ్యాక రీరికార్డింగ్ పేరుతో నేపథ్య సంగీతం చేయాలి. విడుదల తేదీ తరుముకొస్తుంటే ఈ చివరి పని రాత్రింబవళ్లు సాగుతుంది.

చక్రి పద్నాలుగేళ్లలో 80కి పైగా చిత్రాలు చేశారంటే, సగటున ఏడాదికి ఐదారు సినిమాలు. ఒక్కోదానికి ఐదారు పాటలు, ఆపైన రీరికార్డింగ్. ఇంత వేగంలో అన్ని పాటలూ ఒకే స్థాయిలో ఉండవు. కొన్ని చిత్రాల్లో ఒకే రకం తాళం, ఒకే రకం కీబోర్డు ధ్వనులు తిరిగి తిరిగి వినిపిస్తాయి. అయినా దాదాపు ప్రతి ఆల్బమ్‌లో ఒక మెలొడీని ఆయన శ్రద్ధగా చెక్కారు. ఆయన్ను శ్రోతలు గుర్తుపెట్టుకున్నది ఆ పాటలతోనే.

ఆయన బాణీల లక్షణాలు స్పష్టమైనవి. పల్లవి చిన్న చిన్న పాదాలుగా విరుగుతుంది. స్వరాల పరిధి సామాన్య గొంతుకు అందేంతలో ఉంటుంది. ఒక ముఖ్యమైన పదం దగ్గర బాణీ మలుపు తిరిగి మనసులో నాటుకుంటుంది. చరణం పల్లవికి దూరం పోకుండా, ఆ భావాన్నే మరో మెట్టు ఎక్కిస్తుంది. అందుకే ఆయన పాటలను సంగీతం రానివారూ సులువుగా పాడుకున్నారు. కీరవాణి, మణిశర్మ, ఆర్.పి. పట్నాయక్, దేవిశ్రీప్రసాద్ వంటివారు చురుగ్గా పనిచేస్తున్న కాలంలో ఆయన తన చోటు నిలుపుకోగలగడానికి ఈ సరళతే కారణం.

ఆయన గొంతుదీ అదే దారి. తన చిత్రాల్లో ఆయన స్వయంగా చాలా పాటలు పాడారు. కచేరీ గాయకుడి నునుపు కన్నా, స్నేహితుడు పక్కన కూర్చుని మనసు విప్పినట్టుండే చనువు ఆ గొంతులో ఉంటుంది. విరహగీతాలకు అది బాగా ఒదిగింది.

గాయకులు, రచయితలు

చక్రి పేరు చెప్పగానే గాయని కౌసల్య గుర్తుకొస్తారు. ‘నీకోసం’ (1999)తో వచ్చిన ఆమెకు అనేక చిత్రాల్లో వరుసగా పాటలిచ్చి, ఆ గొంతును తన సంగీతానికి చిరునామాగా మార్చుకున్నారు. యాంకర్‌గా తెలిసిన రఘు కుంచె ‘బాచి’లో పాడి సినీ గాయకుడయ్యారు, తర్వాత ‘బంపర్ ఆఫర్’ (2009)తో సంగీత దర్శకుడు కూడా అయ్యారు. గీత రచయితల్లో కందికొండతో పాటు భాస్కరభట్ల రవికుమార్ చక్రి బాణీలకు ఎన్నో పాటలు రాశారు. వాడుక భాషలోని మాట పొడుపు, కుర్రకారు మాట్లాడుకునే యాస ఈ పాటల్లోకి రావడానికి ఆ బాణీల వదులుతనం తోడ్పడింది.

2000 తర్వాత ముంబయి, చెన్నై గాయకులను తెచ్చుకోవడం తెలుగు నిర్మాతలకు గొప్పగా మారింది. శంకర్ మహదేవన్, హరిహరన్ వంటి వారితో చక్రి కూడా పాడించారు. అదే ఆల్బమ్‌లో తెలుగు గాయకులకు, కొత్తవారికి ఒకటి రెండు పాటలు ఉంచడం ఆయన అలవాటు. తనకు ఒక దర్శకుడు తలుపు తీస్తే, ఆ తలుపును ఆయన మరికొందరి కోసం తెరిచే ఉంచారు.

మరణం, వారసత్వం

2014 డిసెంబరు 15న హైదరాబాద్‌లో గుండెపోటుతో చక్రి మరణించారు. అప్పటికి ఆయన వయసు 40 ఏళ్లు. తెలంగాణ రాష్ట్రం ఏర్పడి ఆరు నెలలే అయింది. తమ్ముడు మహిత్ నారాయణ్ కూడా సంగీత దర్శకుడిగా సినిమాలు చేశారు. స్నేహితుడు కందికొండ 2022 మార్చి 12న కన్నుమూశారు.

చక్రి పనిని అంచనా వేసేటప్పుడు రెండు విషయాలు కలిపి చూడాలి. ఆయన తెలంగాణ జానపదాన్ని సినిమాకు తెచ్చిన సంగీత దర్శకుడిగా పేరు పొందలేదు. ఆయన రాజ్యం మెలొడీ, మాస్ పాట. అయినా ఈ ప్రాంతపు పాటతో ఆయనకున్న బంధం గట్టిది. పాట వినడానికే కాక కలిసి పాడుకోవడానికి కూడా అన్న నమ్మకం బతుకమ్మ చుట్టూ, ఒగ్గుకథ అరుగుల మీద, ఆర్కెస్ట్రా పందిళ్లలో శతాబ్దాలుగా నడిచిన నమ్మకం. చక్రి దాన్ని వాణిజ్య సినిమా చట్రంలోకి తీసుకువెళ్లారు.

ఆయన తర్వాతి దశాబ్దంలో తెలంగాణ యాస, పాట, జీవితం తెలుగు సినిమా మధ్యలోకి వచ్చాయి. ‘బలగం’ (2023) వంటి చిత్రం బుడగజంగాల పాటతో ప్రేక్షకులను కంటతడి పెట్టించింది. పల్లె పాట సినిమా కథను తన భుజాల మీద మోయగలదని రుజువైంది. ఈ మార్పుకు అనేకమంది కవులు, గాయకులు, దర్శకులు కారకులు. అందులో చక్రి వంతు ఏమిటంటే, మానుకోట, నర్సంపేట, జనగామ వంటి చోట్ల కీబోర్డు ముందు కూర్చున్న కుర్రవాడికి సినిమా సంగీతం తనకూ అందే వృత్తేనన్న ధైర్యం ఇవ్వడం. ఆయన పేరున ఈ ప్రాంతంలో చేయదగిన పని కూడా దానికి తగ్గదే అయి ఉండాలి: జిల్లా స్థాయిలో సంగీత శిక్షణ, ఒక మంచి రికార్డింగ్ గది, ఆయన పాటల సమగ్ర జాబితా, వాటి స్వరలిపి, ఆయనతో పనిచేసినవారి అనుభవాలను భద్రపరచడం. పాటలు రేడియోలో, ఫోన్లలో వాటంతటవే బతుకుతాయి. అవి ఎలా పుట్టాయన్న జ్ఞానాన్ని మాత్రం మనమే పూనుకుని కాపాడుకోవాలి.